పిలుపుకు పలకనివాళ్లు: డిఫాల్టులో పోయిన అప్పీళ్ల చరిత్ర

భూమి కేసుల్లో దళితులు కోర్టుల్లో ఓడిపోయారని అనడం రివాజు. ఓడిపోవాలంటే ముందు వాదన జరగాలి, సాక్ష్యం చదవాలి, జడ్జి ఏదో ఒక కారణం రాయాలి. ఇవేవీ లేకుండానే పోయిన కేసులు మన వాడల్లో వున్నాయి. మాలపల్లెలో గానీ మాదిగవాడలో గానీ పెద్దవాళ్లను కూచోబెట్టి పాత భూమి దావా సంగతి అడిగితే "పైకోర్టులో కొట్టేశారంట" అంటారు. ఎందుకు కొట్టేశారంటే జవాబు వుండదు. కోర్టులో ఏం జరిగిందో వాళ్లకు ఇంకొకళ్లు చెప్పారు, అదీ ఆలస్యంగా చెప్పారు. కొన్ని కేసుల్లో నిజంగానే తీర్పు వుంటుంది. కొన్నిటిలో తీర్పనేదే వుండదు. కేసు పిలిచారు, అప్పీలుదారు లేడు, ప్లీడరు లేడు, అప్పీలు డిఫాల్టు కింద కొట్టివేత. ఇంగ్లీషులో ఒకటి రెండు వాక్యాలు, కింద సంతకం, తేదీ. ఆ రెండు వాక్యాల గురించే ఈ వ్యాసం.

ముందు చట్టం సంగతి చూద్దాం. బ్రిటిష్ ప్రభుత్వం 1859లో మొదటి సివిల్ ప్రొసీజర్ కోడ్ తెచ్చింది. 1877లో, 1882లో దాన్ని తిరగరాసి, చివరికి 1908లో చేసిన కోడే ఇప్పటికీ సవరణలతో నడుస్తోంది. అందులో 41వ ఆర్డరు అప్పీళ్లకు సంబంధించింది. విచారణకు పెట్టిన రోజున పిలిచినప్పుడు అప్పీలుదారుగానీ ఆయన తరఫు ప్లీడరుగానీ లేకపోతే అప్పీలును కొట్టివేయవచ్చునని 17వ రూలు. రాలేకపోవడానికి తగిన కారణం వుందని రుజువు చేస్తే మళ్లీ ఫైలు మీదికి తీసుకోవాలని 19వ రూలు. ఆ దరఖాస్తుకు 1963 లిమిటేషన్ చట్టం ఇచ్చిన గడువు 30 రోజులు.

ఈ 30 రోజుల లెక్క ఎక్కడ మొదలవుతుందన్నదే అసలు సంగతి. కొట్టేసిన తేదీ నుంచి మొదలవుతుంది. ఎక్స్ పార్టీ డిక్రీ పడిన ప్రతివాదికైతే, సమన్లు సరిగా అందలేదని తేలినప్పుడు, డిక్రీ సంగతి తెలిసిన రోజు నుంచి లెక్క కడతారు. అప్పీలు వేసినవాడికి ఆ వెసులుబాటు లేదు. అప్పీలు వేసింది నువ్వే గదా, నీ కేసు ఏ రోజున వుందో నీకు తెలియకపోతే ఎలా అన్నది చట్టం ధోరణి. గడువు దాటిపోతే లిమిటేషన్ చట్టం 5వ సెక్షను కింద మరో దరఖాస్తు పెట్టుకుని ఆలస్యానికి సంజాయిషీ చెప్పుకోవాలి. ఈలోగా కింది కోర్టు డిక్రీ నిలబడే వుంటుంది. అవతలివాడు ఎగ్జిక్యూషన్ వేస్తాడు, అమీనా వస్తాడు, పైరు కోసుకునే హక్కు ఎవరిదో ఆ పూటతో తేలిపోతుంది.

ఈ రూలు మనసులో వున్న అప్పీలుదారు ఎవరు? టౌనులో మకాం వున్నవాడు, లేదా టౌనుకు రోజూ మనిషిని పంపగలిగినవాడు. ఉత్తరం వస్తే చదువుకోగలిగినవాడు. వాయిదాకు వెళ్లినంత మాత్రాన ఆ రోజు పొయ్యి ఆరిపోనివాడు. నాట్లప్పుడో కోతలప్పుడో వాయిదా పడితే కూలి వదులుకుని, బస్సు చార్జీ అప్పు తెచ్చుకుని పోయే మనిషి ఆ రూలు రాసినవాళ్ల ఊహలో లేడు. పైగా అప్పీలులో కొత్తగా సాక్ష్యం చెప్పేది సాధారణంగా వుండదు గనక క్లయింటు రానవసరం లేదని ప్లీడరు గుమాస్తాలే చెబుతారు. "నువ్వు రానక్కర్లేదురా, ఏదన్నా వుంటే కబురు పెడతాలే" అన్న మాట విననివాళ్లు వాడల్లో తక్కువ. ఆ కబురు రాదు. ఫీజు బాకీ వున్నచోట అసలే రాదు. చట్టం దృష్టిలో మాత్రం రానివాడు కేసు వదులుకున్నవాడితో సమానం.

కోర్టు దూరం గురించి మన చరిత్రకారులు పెద్దగా రాయలేదు. కోస్తాంధ్ర, రాయలసీమ జిల్లాలవాళ్ల సెకండ్ అప్పీళ్లు మద్రాసు హైకోర్టులో నడిచేవి. ఆంధ్ర రాష్ట్రం ఏర్పడ్డాక 1954లో హైకోర్టు గుంటూరుకు వచ్చింది. 1956లో హైదరాబాదుకు పోయింది. 2019లో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు అమరావతికి వచ్చింది. ప్రతిసారీ ఫైళ్లూ కదిలాయి. మద్రాసులో వకాల్తా ఇచ్చిన ప్లీడరు గుంటూరుకు రాడు, గుంటూరు ప్లీడరు హైదరాబాదులో ఆఫీసు పెట్టడు. మళ్లీ ప్లీడరును పెట్టుకోవాలి, మళ్లీ ఫీజు కట్టాలి. శ్రీకాకుళం జిల్లాలో పాలేరుతనం చేసుకునే మనిషికి తన అప్పీలు ఇప్పుడు ఏ ఊళ్లో వుందో ఎవరు చెబుతారు? తెలంగాణాలో తంటా మరో రకం. నిజాం కాలంలో కోర్టు భాష ఉర్దూ, తర్వాత ఇంగ్లీషు. కాగితం చేతికందినా అది చదివిపెట్టే మనిషి కోసం దొర గడీకో పట్వారీ ఇంటికో పోవాల్సిందే. తరచుగా అవతలి పార్టీ కూడా వాళ్లే.

పిలిచిన ప్రతిసారీ పలికితే ఏమవుతుందో చూపే ఉదాహరణ మహాడ్. ఆ పోరాటం అంటే 1927 మార్చి 20న చవదార్ చెరువులో నీళ్లు తాగడం, డిసెంబరు 25న మనుస్మృతిని తగలబెట్టడం మనకు గుర్తొస్తాయి. ఆ రెండింటి వెనకా పదేళ్లు నడిచిన ఒక సివిల్ దావా వుంది. 1927 డిసెంబరు 12న మహాడ్ సవర్ణులు అంబేడ్కర్ మీదా ఆయన సహచరుల మీదా స్థానిక సివిల్ కోర్టులో దావా వేశారు. చెరువు తమదని, అంటరానివాళ్లకు అందులో హక్కు లేదని ప్రకటించమన్నారు. రెండు రోజుల్లో టెంపరరీ ఇంజంక్షన్ తెచ్చుకున్నారు. డిసెంబరు సభకు వేలమంది వచ్చినా చెరువు దగ్గర సత్యాగ్రహం వాయిదా పడింది ఆ కోర్టు కాగితం వల్లనే. 1928 ఫిబ్రవరిలో ఇంజంక్షన్ రద్దయింది. 1931 జూన్‌లో దావా కొట్టేశారు. సవర్ణులు ఠాణా కోర్టుకు అప్పీలుకు పోయారు, అది 1933 జనవరిలో పోయింది. ఊరుకోకుండా బొంబాయి హైకోర్టుకు సెకండ్ అప్పీలు వేశారు. 1937 మార్చి 17న జస్టిస్ బ్రూమ్‌ఫీల్డ్, జస్టిస్ వాడియా ఆ అప్పీలునూ కొట్టేశారు. 1922లో అహ్మదాబాదులో గాంధీకి ఆరేళ్ల శిక్ష వేసిన బ్రూమ్‌ఫీల్డే ఈయన.

ఇందులో రెండు సంగతులు గమనించాలి. ఆ దావాలో ప్రతివాదులు తమ సొంతానికి మాత్రమే ప్రతివాదులు కాదు, అంటరాని కులాలన్నిటి తరఫునా నిలబెట్టిన ప్రతినిధులు. వాళ్లు ఒక్క దశలో హాజరు కాకపోయి ఎక్స్ పార్టీ డిక్రీ పడివుంటే అది ఆ కొద్దిమందితో ఆగేది కాదు. పదేళ్లపాటు మూడు కోర్టుల్లో ఎవరో ఒకరు పలికారు. అందుకు కారణం ప్రతివాదుల్లో ఒకాయన బారిస్టరు కావడం, వెనక ఉద్యమం వుండడం. ఇక రెండోది. సెకండ్ అప్పీలు వేసింది సవర్ణులు. వాళ్లు విసిగి వదిలేస్తే అది డిఫాల్టులో పోయేది, చెరువు దక్కేది, కానీ మనం ఇవాళ చదువుకుంటున్న హైకోర్టు తీర్పు వుండేది కాదు. మునిసిపాలిటీ చెరువు మీద సవర్ణులు చెప్పుకున్న ఆచారం అనాదిగా వున్నట్టు రుజువు కాలేదన్న మాట లా రిపోర్టుల్లోకి ఎక్కింది వాళ్ల మొండితనం వల్లనే. అంటరానితనం తప్పని ఆ తీర్పు చెప్పలేదనే సంగతి కూడా ఇక్కడే గుర్తుపెట్టుకోవాలి. ఆచారం రుజువైతే కథ వేరేగా వుండేది.

దీనికి ముప్పై ఏళ్ల ముందు మద్రాసు రాజధానిలో నడిచిన కముది కేసు ఇంకా విచిత్రమైనది. నాడార్లు దళితులు కాదు, అయినా ఆనాటి సవర్ణ సమాజం వాళ్లను గుడి గడప తొక్కనివ్వలేదు. 1897లో కముది గుళ్లోకి నాడార్లు ప్రవేశించారు. ధర్మకర్త అయిన రామ్నాడు రాజా భాస్కర సేతుపతి వాళ్ల మీద దావా వేసి కింది కోర్టులో గెలిచాడు. నాడార్లు హైకోర్టుకు అప్పీలుకు పోయారు. అప్పీలు నడుస్తుండగా రాజా మనసు మార్చుకుని నాడార్లతో రాజీకి వచ్చాడు. మామూలు కేసయితే కథ అక్కడితో ముగిసేది. ఇక్కడ ముగియలేదు. వేరే భక్తులు ముందుకొచ్చి మమ్మల్ని పార్టీలుగా చేర్చుకోమన్నారు. చేర్చుకున్నారు. ధర్మకర్త అలా రాజీ పడడం ట్రస్టుకు ద్రోహమని కోర్టు రాజీని పక్కనపెట్టింది. నాడార్లు ఓడిపోయారు. 1908లో ప్రీవీ కౌన్సిల్ కూడా వాళ్ల అప్పీలు కొట్టేసింది.

అంటే కులం కట్టుబాటును కాపాడే పక్షం చేతులెత్తేసినప్పుడు ఆ ఖాళీలోకి ఇంకొకళ్లను తెచ్చి నిలబెట్టే మార్గం కోర్టుకు దొరికింది. పార్టీ వదులుకున్నా హక్కు వదులుకున్నట్టు కాదన్న సూత్రం అప్పుడు గుర్తొచ్చింది. వాడ తరఫున అప్పీలు వేసిన నలుగురు పెద్దమనుషులు రాకపోతే మిగతా వాడను పిలిచి అడగాలన్న ఆలోచన చట్టంలోకి స్పష్టంగా రావడానికి 1976 దాకా పట్టింది. ఆ ఏటి సవరణలో 1వ ఆర్డరు 8వ రూలుకు రెండు మాటలు చేర్చారు. ప్రతినిధి దావాలో అందరికీ నోటీసు ఇవ్వకుండా కేసు వదులుకోవడానికి గానీ రాజీకి గానీ వీల్లేదు. ప్రతినిధి శ్రద్ధగా నడపకపోతే అదే ప్రయోజనం వున్న మరొకరిని ఆ స్థానంలో పెట్టవచ్చు. మంచి రూలు. శ్మశానం దారి, బావి, వాడ ఉమ్మడి స్థలం మీద కేసులు నడుపుతున్న కార్యకర్తలు ఈ రూలును ప్లీడర్లకు గుర్తుచేయాలి. మరొకరు వచ్చి నిలబడాలంటే కేసు నడవడం లేదన్న కబురు ముందు వాడకు చేరాలి గదా.

మనిషి చనిపోయినా అప్పీలు చస్తుంది. 22వ ఆర్డరు ప్రకారం అప్పీలుదారు చనిపోతే 90 రోజుల్లో వారసులు రికార్డు మీదికి రావాలి. రాకపోతే అప్పీలు అబేట్ అవుతుంది. దీనికి జడ్జి ఆర్డరు కూడా అక్కర్లేదు, గడువు తీరగానే అదే పడిపోతుంది. ఆ పైన 60 రోజుల్లో అబేట్‌మెంట్ రద్దు కోరవచ్చు. పదేళ్లూ పదిహేనేళ్లూ నడిచే అప్పీళ్లలో మొదటి తరం పోవడం మామూలే. తండ్రి పేరున అప్పీలు వుందన్న సంగతి వలస పోయిన కొడుక్కి తెలియదు, పెళ్లయిపోయిన కూతుర్ని ఎవరూ అడగరు. తన క్లయింటు చనిపోయిన సంగతి తెలిస్తే ప్లీడరే కోర్టుకు చెప్పాలని 1976లో 10ఏ రూలు పెట్టారు. వాడలో చావు కబురు జిల్లా కేంద్రంలో ప్లీడరు ఆఫీసు దాకా ఎట్లా పోవాలో ఆ రూలులో లేదు.

కోర్టులు ఈ అన్యాయాన్ని గుర్తించలేదని మేము అనడం లేదు. 1981లో రఫీక్ వర్సెస్ మున్షీలాల్ కేసులో సుప్రీంకోర్టు గట్టి మాటే చెప్పింది. అలహాబాదు హైకోర్టులో ప్లీడరు లేకుండానే అప్పీలు తేల్చేశారు. పల్లెటూరి మనిషి ప్లీడరును పెట్టుకున్నాక తన పని అయిపోయిందనుకుంటాడని, హైకోర్టుకు వచ్చి ప్లీడరు మీద కాపలా కాయడం ఆయన పని కాదని, ప్లీడరు తప్పుకు పార్టీని శిక్షించరాదని జస్టిస్ డి.ఏ. దేశాయ్ రాశారు. ఖర్చుల కింద 200 రూపాయలు రాని ప్లీడరు దగ్గరే వసూలు చేయమన్నారు. 1993లో సలిల్ దత్తా కేసులో అదే కోర్టు దీనికి హద్దు గీసింది. కలకత్తాలో ఆఫీసు వున్న కంపెనీ ఏమీ తెలియని పల్లెటూరి మనిషి కాదు, ఆ వెసులుబాటు దానికి లేదంది. ఇది సబబే. కానీ అక్కడిదాకా పోయి ఆ మాట చెప్పించుకోవడానికి మళ్లీ ప్లీడరు కావాలి, మళ్లీ హాజరు కావాలి. రఫీక్ సుప్రీంకోర్టు దాకా వెళ్లగలిగాడు. వెళ్లలేనివాళ్లకు రఫీక్ తీర్పు ఒక నంబరు మాత్రమే.

ఆలస్యం విషయంలో ఉదారంగా వుండాలని చెప్పిన ప్రసిద్ధమైన తీర్పు 1987 నాటి కాతిజీ కేసు. అందులో ఆలస్యమైంది ఎవరికి? భూసేకరణ కలెక్టరుకు. పరిహారం పెంచారని ప్రభుత్వం వేసిన అప్పీలు నాలుగు రోజులు లేటు. ఆ నాలుగు రోజులు మన్నిస్తూ, గడువు దాటించి ఎవరూ కావాలని నష్టపోరని, సాంకేతిక కారణం మీద న్యాయం ఆగకూడదని, ప్రభుత్వాన్ని సవతి బిడ్డలా చూడరాదని కోర్టు చెప్పింది. సూత్రాలు అందరికీ వర్తిస్తాయి, నిజమే. కానీ ఆ సూత్రాలను ఎక్కువ కాలం ధైర్యంగా వాడుకున్నది సర్కారే. అందుకేనేమో 2012లో లివింగ్ మీడియా కేసులో తపాలా శాఖ 427 రోజుల ఆలస్యాన్ని మన్నించడానికి సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు. ఫైలు బల్ల మీద నుంచి బల్ల మీదికి పోవడం ఇక కారణం కాదంది. సర్కారుకు ఆ మాట చెప్పడానికి పాతికేళ్లు పట్టింది.

క్రిమినల్ అప్పీళ్లలో పద్ధతి వేరని చాలామందికి తెలియదు. శిక్ష పడిన ముద్దాయి అప్పీలును, ప్లీడరు రాలేదన్న కారణంతో కొట్టేయడానికి వీల్లేదు. రికార్డు చదివి మంచిచెడ్డలు చూసే తేల్చాలని 1996లో బనీ సింగ్ కేసులో సుప్రీంకోర్టు ఖాయం చేసింది. అదే 1996లో అబ్దుర్ రహ్మాన్ కేసులో సివిల్ అప్పీలు గురించి సరిగ్గా తిరగేసి చెప్పింది: అప్పీలుదారు తరఫున ఎవరూ రానప్పుడు మంచిచెడ్డల్లోకి పోనేకూడదు, డిఫాల్టులోనే కొట్టేయాలి. 17వ రూలుకు 1976లో చేర్చిన వివరణ అర్థం కూడా ఇదే. దీంట్లో ఒక మేలు వుంది, మళ్లీ తెరిపించుకునే దారి మూసుకుపోదు. మనిషి స్వేచ్ఛ పోతుంది గనక క్రిమినల్ అప్పీలుకు ఆ రక్షణ అంటారు. అర ఎకరం పోయిన మర్నాడే పాలేరుగా కుదరాల్సి వచ్చే కుటుంబానికి స్వేచ్ఛ మిగిలిందని మేము ఒప్పుకోలేం. మన ఊళ్లలో హత్య చేసిన ఆసామి అప్పీలు రికార్డు చదవకుండా పోదు, భూమి పోయిన మాదిగ అప్పీలు మాత్రం పోతుంది.

అయితే ఈ రూలునే ఎత్తేయాలని మా వాదన కాదు. కింది కోర్టులో దళితులు గెలిచిన కేసులూ వున్నాయి. అప్పుడు అప్పీలు వేసేది ఆసామి. స్టే తెచ్చుకుంటాడు, భూమి అనుభవిస్తాడు, వాయిదాల మీద వాయిదాలు అడుగుతాడు. అలాంటి అప్పీలు డిఫాల్టులో పోతే వాడకు ఊపిరి వస్తుంది. 17వ రూలు లేకపోతే ఆ అప్పీలు తాతల నాటి నుంచి మనవల దాకా బతికే వుంటుంది. తేడా ఆ తర్వాత కనబడుతుంది. ఆసామి అప్పీలు పోతే నెల తిరగకముందే రిస్టోరేషన్ దరఖాస్తు పడుతుంది, డాక్టరు సర్టిఫికెట్టు జతగా వుంటుంది. వాడలో మనిషికి అప్పీలు పోయిన సంగతి పొలంలోకి అమీనా వచ్చినప్పుడు తెలుస్తుంది.

లీగల్ సర్వీసెస్ చట్టం 1987లో చేశారు, అమల్లోకి వచ్చింది 1995 నవంబరులో. దాని 12వ సెక్షను ప్రకారం షెడ్యూల్డు కులాల, తెగల వాళ్లకు ఆదాయంతో పని లేకుండా ఉచిత న్యాయ సహాయం హక్కు. అప్పీలుకూ వర్తిస్తుంది, డిఫాల్టు అయినదాన్ని తెరిపించే దరఖాస్తుకూ వర్తిస్తుంది. టీచర్లు, విద్యార్థులు ఈ ఒక్క సెక్షను వాడలో చదివి వినిపించినా కొన్ని అప్పీళ్లు బతుకుతాయి. అంతకుముందు ఫీజు కట్టలేనివాళ్లకు వున్న దారి పాపర్ అప్పీలు. కోడ్‌లోనే ఆ మాట 1976 దాకా "పాపర్". తన దరిద్రాన్ని కోర్టులో రుజువు చేసుకుంటే, అవతలివాడు కాదని సాక్ష్యం తెస్తే, తేలిన తర్వాత అసలు అప్పీలు మొదలు.

చరిత్ర రాసే మాబోటి వాళ్లకు ఇక్కడ వేరే చిక్కు వుంది. లా రిపోర్టుల్లోకి ఎక్కేవి వాదనలు జరిగిన కేసులే. డిఫాల్టు ఆర్డరును ఎవరూ అచ్చు వేయరు. కాలం తీరిన కోర్టు రికార్డులను తీసేయడానికి 1917లోనే చట్టం చేశారు, దాని కింద హైకోర్టులు రూల్సు చేసుకుని కట్టలకు కట్టలు నాశనం చేయించాయి. అందుకని లా రిపోర్టుల నుంచి దళితుల భూమి చరిత్ర రాస్తే అది చివరిదాకా హాజరు కాగలిగినవాళ్ల చరిత్రే అవుతుంది. ఇప్పటి ఈ-కోర్ట్స్ కంప్యూటరు రికార్డులో డిఫాల్టు కేసులు కనబడుతున్నాయి గానీ "పోటీ లేకుండా ముగిసినవి" అన్న పద్దు కింద. పోటీ లేదట! లెక్కల్లో అది కూడా పరిష్కారమైన కేసే.

జిల్లాల్లో వున్న మిత్రులు ఒక పని చేయవచ్చు. ప్రతి అప్పీలు కోర్టులోనూ అప్పీళ్ల రిజిస్టరు వుండాలి. కట్టలు పోయినచోట కూడా పాత రిజిస్టర్లు మిగిలి వుండే అవకాశం వుంది. చూడడానికి కోర్టు అనుమతికి రాతపూర్వకంగా దరఖాస్తు పెట్టుకోవాలి. అందులో అప్పీలుదారు పేరు, వూరు, ఏ కోర్టు డిక్రీ మీద అప్పీలు, అసలు దావా నంబరు, చివర ఎట్లా ముగిసింది అన్న గళ్లు వుంటాయి. డిఫాల్టు అని రాసి వున్న నంబర్లు దించుకుని, తర్వాత తెరిచారో లేదో అదే వరసలో చూడాలి. దావా నంబరు పట్టుకుంటే కింది కోర్టు డిక్రీ నకలు దొరకవచ్చు, దాని షెడ్యూలులో సర్వే నంబరు వుంటుంది. ఆ సర్వే నంబరుతో ఆంధ్రలో పాత అడంగల్, తెలంగాణాలో పాత పహాణీ తీసి, అప్పీలు కొట్టేసిన ఏడాదిలోనూ మరుసటి ఏడాదిలోనూ సాగుదారు గడిలో ఎవరి పేరుందో పక్కపక్కన రాసి మాకు పంపండి.